ఆఫ్‌గ్రుండెన్ (1910): మాగ్దా ఎక్కడ నటిస్తోంది, స్టేజీ మీదా, ఇంట్లోనా?

పాతరీలు | శనివారం రాత్రి 9:12

డెన్మార్క్ మూకీ సినిమా 'ఆఫ్‌గ్రుండెన్' నిన్న మూడోసారి చూశాను. ఆ మాటకి అగాధం అని అర్థం. 1910 సెప్టెంబర్ 12న కోపెన్‌హాగన్‌లోని కోస్మోరామా హాల్లో మొదటి ఆట పడింది. ఉర్బన్ గాడ్ రాసి, తీశాడు. ఆస్టా నీల్సన్‌కి ఇదే మొదటి సినిమా. ఇప్పుడు దొరికే ప్రింటు 37 నిమిషాలు ఉంటుంది. ఒక కాఫీ తాగి, ఇంకో కాఫీ పెట్టుకునేలోపు అయిపోతుంది, కానీ నాకు మాత్రం రాత్రంతా నిద్ర పట్టలేదు.

చూడనివాళ్ల కోసం కథ క్లుప్తంగా. మాగ్దా పియానో పాఠాలు చెప్పుకుని బతికే అమ్మాయి. ట్రామ్‌లో క్నూద్ అనే పాస్టర్ గారి అబ్బాయి పరిచయమవుతాడు. వేసవికి మా ఊరు రమ్మని అమ్మానాన్నల దగ్గరికి తీసుకెళ్తాడు. ఆదివారం ఇంటిల్లిపాదీ చర్చికి బయలుదేరితే ఈమె రానంటుంది. ఊళ్లో సర్కస్ దిగి ఉంటుంది. అక్కడ రుడాల్ఫ్ అనే ఆటగాణ్ణి చూస్తుంది. ఆ రాత్రి అతను నిచ్చెన వేసుకుని ఆమె కిటికీ దగ్గరికి వస్తాడు. ఆమె అతనితో వెళ్లిపోతుంది. ఆ తర్వాత మోసం, అసూయ, తిండికి వెతుకులాట, చివరికి కత్తి.

నాకు తట్టింది ఇది. పాస్టర్ గారింట్లో ఉన్నంతసేపూ మాగ్దా నటిస్తోంది. మంచి కోడలిలా కూర్చుంటుంది, మర్యాదగా నవ్వుతుంది. నిజంగా మాగ్దాలా కనిపించేది స్టేజీ ఎక్కాకే. డబ్బులిచ్చి వేషం చూడటానికి వచ్చినవాళ్ల ముందు ఆమె వేషం తీసేస్తుంది. మీకు కూడా అలాగే అనిపించిందా?

చిక్కడపల్లి శ్రీను | శనివారం రాత్రి 9:40

అన్నా, నేను కూడా చూశాను. మీరు అంత లోతు చూస్తున్నారు గానీ నాకైతే అది అప్పటి మామూలు నీతికథే. మంచి సంబంధం కాదనుకుని చెడ్డవాడితో పోయింది, పాడైపోయింది. అలాంటి కథలు అన్ని దేశాల్లోనూ ఉన్నాయి. దీన్ని గొప్ప సినిమా అనడానికి కారణం చెప్పండి, వింటాను.

పాతరీలు | శనివారం రాత్రి 10:05

శ్రీనూ, కథ మామూలుదే, ఒప్పుకుంటాను. కానీ ఆ కథలో ఆమె నిలబడిన తీరు చూడు. 1910లో ఎక్కువమంది నటులు గుండె మీద చెయ్యేసుకుని, నుదుటి మీద చెయ్యి పెట్టుకుని, చివరి బెంచీ వాడికి అర్థమయ్యేలా చేసేవారు. ఈమె ఏమీ చెయ్యదు. ఊరికే నిలబడుతుంది. భుజం కాస్త వాలుతుంది. కళ్లు ఒక వైపు ఆగిపోతాయి. ఆ కాలంలో కెమెరా ఇంకా మొహం దగ్గరికి వెళ్లడం లేదు, ఎక్కువగా నిలువెత్తు మనిషినే చూపిస్తున్నారు. అంత దూరం నుంచి కూడా ఆమె మనసులో ఏం జరుగుతోందో మనకి తెలిసిపోతుంది.

ఇంకో సంగతి. ఆమె రాయల్ థియేటర్ బడిలో చదువుకున్న మనిషి. అయినా నాటకాల్లో మంచి వేషాలు రాలేదు. గాడ్, ఆమె కలిసి ఈ సినిమా తీసిందే నాటకాల వాళ్ల కంట్లో పడటానికి. కోస్మోరామా నడిపే యల్మార్ డేవిడ్‌సన్ డబ్బు పెట్టాడు, 8,000 క్రోనర్లు. నాటకాల వాళ్లకి తన పనితనం చూపించుకోవాలని తీసిన బొమ్మ ఆమెని నాటకాలకే దూరం చేసింది. మరుసటి ఏడాదే ఇద్దరూ జర్మనీ వెళ్లిపోయారు.

ఉత్తరపు గాలి | శనివారం రాత్రి 11:30

నేను కోపెన్‌హాగన్‌లోనే ఉంటాను, తొమ్మిదేళ్లయింది. గోథర్స్‌గేడ్ వీధిలో సినిమాటెక్ ఉంది, డెన్మార్క్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లది. అక్కడ పెద్ద తెర మీద చూశాను, పక్కన ఒకాయన పియానో వాయిస్తుండగా. సినిమాలో మాగ్దా పియానో ముందు కూర్చున్నప్పుడు హాల్లో పియానో కూడా మోగుతుంటే నా చేతుల మీద వెంట్రుకలు లేచాయి.

పాతరీలు గారు అన్నదానికి ఒకటి కలుపుతాను. మొదట్లో వచ్చే ఆ ట్రామ్ సెట్టింగు కాదు, నిజం ట్రామ్, నిజం వీధి. రోడ్డు మీద పోయేవాళ్లు కెమెరా వైపు చూడటం కూడా కనిపిస్తుంది. నేను రోజూ పనికి వెళ్లే దారిలాంటి దారే. నిజమైన వీధిలో మొదలైన సినిమా గదుల్లోకి వెళ్లేకొద్దీ అట్టగోడల్లోకి వెళ్తుంది. అది డబ్బు లేక చేసిందే కావచ్చు, కానీ చూసేవాడి మనసు మీద పని చేస్తుంది.

అన్నట్టు, ఇక్కడివాళ్లు ఆ పేరుని మనం రాసినట్టు పలకరు. 'ఔగ్రూనన్' అన్నట్టు వినిపిస్తుంది.

పద్యనాటకం అమ్మాయి | ఆదివారం ఉదయం 7:20

ఈ చర్చ చదివి నిద్రలేచిన వెంటనే రాస్తున్నాను. మా అమ్మ ముప్పై ఏళ్లు పద్యనాటకాలు ఆడింది. గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో తిరునాళ్లకి వెళ్లేది. చిన్నప్పుడు నేను వింగులో గోనెపట్టా మీద పడుకుని చూసేదాన్ని.

ఒక రాత్రి కళ్ల ముందే ఉంది. అమ్మ చంద్రమతి. కాటి సీను. కాంట్రాక్టరు అంతకుముందు ఊరి డబ్బులే ఇవ్వలేదు, ఆ రోజు కూడా ఎగ్గొట్టేలా ఉన్నాడని మేకప్ వేసుకుంటూనే తెలిసింది. అర్దళం పూసుకుంటూ ఒక్క మాట కూడా మాట్లాడలేదు. బయటికి వచ్చినవాళ్లందరితో నవ్వుతూ 'బావున్నారా అన్నయ్యా' అని పలకరించింది. స్టేజీ ఎక్కాక పద్యం ఎత్తుకుంది చూడండి, అది చంద్రమతి ఏడుపు కాదు, మా అమ్మ ఏడుపు. జనం వన్స్‌మోర్ అన్నారు. మళ్లీ పాడింది. మళ్లీ అదే ఏడుపు.

అందుకే పాతరీలు గారు చెప్పింది నాకు వెంటనే అర్థమైంది. నవ్వింది గ్రీన్‌రూములో. నిజం చెప్పింది స్టేజీ మీద.

చిక్కడపల్లి శ్రీను | ఆదివారం ఉదయం 8:02

అక్కా, మీరు రాసింది చదివి రాత్రి నేనన్న మాట తొందరపాటు అనిపించింది. మళ్లీ చూస్తాను.

సత్యవతి, రాజమండ్రి | ఆదివారం ఉదయం 10:15

నేను కొంచెం విభేదిస్తాను. ఎవరూ ఆ నృత్యం సంగతి ఎత్తలేదేంటి? గాచో నృత్యం, అంటే దక్షిణ అమెరికా పశువుల కాపర్ల తరహా ఆట. మాగ్దా ఒంటికి అంటుకుపోయిన నల్ల గౌనులో ఉంటుంది. రుడాల్ఫ్‌ని తాడుతో కట్టేసి, అతని చుట్టూ, అతనికి ఆనుకుని ఆడుతుంది. 1910లో అది చూసి కొన్ని దేశాల్లో సెన్సారు వాళ్లు కత్తెర వేశారంటే వింతేం లేదు.

ఆ ఆటలో పైచేయి ఆమెది. తాడు ఆమె చేతిలో ఉంది, మగవాడు కదల్లేడు. స్టేజీ దిగిన క్షణం నుంచి అంతా తలకిందులు. బతుకంతా అతని చేతిలో ఉంది, కదల్లేనిది ఆమె. అలాంటప్పుడు స్టేజీ మీద ఉన్నది నిజం ఎలా అవుతుంది? అది ఆమె కోరుకున్నది. కోరిక వేరు, నిజం వేరు. పాతరీలు గారూ, మీరు రెండింటినీ కలిపేస్తున్నారు.

పాతరీలు | ఆదివారం మధ్యాహ్నం 12:48

సత్యవతి గారూ, మంచి మాట అన్నారు. పొద్దుటి నుంచీ దాని గురించే ఆలోచిస్తున్నాను.

ఆ సీను ఎక్కడి నుంచి తీశారో గమనించండి. కెమెరా జనం కూర్చునే వైపు లేదు. స్టేజీ మీదే, పక్కగా ఉంది. అంటే టిక్కెట్టు కొన్నవాడికి కనబడే ఆట మనకి కనబడదు. పక్క నుంచి చూసే మనిషికి కనబడేది మనం చూస్తున్నాం, పద్యనాటకం అమ్మాయి గోనెపట్టా మీద నుంచి చూసినట్టు. జనానికి అది ఐటెం. మనకి అది ఇద్దరి మధ్య జరిగేది.

ఆ వెంటనే ఏమవుతుందో గుర్తుందా? రుడాల్ఫ్ ఇంకో డాన్సర్‌తో సరసాలాడటం చూసి మాగ్దా స్టేజీ మీదే ఆ అమ్మాయితో కలబడుతుంది. ఉద్యోగం పోతుంది. కోరికనే ఆడి ఉంటే మీరన్నది ఒప్పుకునేవాణ్ణి. కానీ కోపం కూడా అక్కడే బయటపడింది. పాస్టర్ గారింట్లో కోపం వస్తే దాచుకుంది, నిచ్చెన దిగి చెప్పకుండా పోయింది. ఇక్కడ దాచుకోలేదు.

సత్యవతి, రాజమండ్రి | ఆదివారం మధ్యాహ్నం 1:30

కెమెరా సంగతి నేను గమనించలేదు. అది పెద్ద విషయమే. కానీ నా మాట మీదే ఉన్నాను. కట్టేసిన తాడు స్టేజీ దిగగానే ఊడిపోతుందని ఆమెకీ తెలుసు. ఆ తెలియడమే నాకు బాధ.

నైట్రేటు | ఆదివారం సాయంత్రం 4:10

డెన్మార్క్ మూకీలు నాకు పిచ్చి ఇష్టం, కాస్త పొడుగ్గా రాస్తాను, ఓపిక పట్టండి. మోసం, వేషం అనే మాట వచ్చింది కాబట్టి తెర మీద కన్నా తెర వెనక ఏం జరిగిందో చెప్పాలి.

ఓలె ఓల్సెన్ 1906లో నోర్డిస్క్ కంపెనీ పెట్టాడు. భూగోళం మీద తెల్ల ఎలుగుబంటి వాళ్ల గుర్తు. మరుసటి ఏడాదే 'సింహాల వేట' అని ఒక బొమ్మ తీశారు. ఆఫ్రికా అడవి అన్నట్టు చూపించారు. నిజానికి అది డెన్మార్క్‌లోనే, రోస్కిల్డె ఫియోర్డ్ అనే సముద్రపు పాయలో ఎల్లెఓరె అనే చిన్న దీవి. జర్మనీ జంతుశాల నుంచి రెండు ముసలి సింహాల్ని కొనుక్కొచ్చి అక్కడ కాల్చి చంపారు. మిగతా జంతువుల్ని కోపెన్‌హాగన్ జూలో తీసి అతికించారు. వేట వేషం, అడవి వేషం, చావు మాత్రం నిజం. నాకు ఆ సినిమా చూస్తే ఇప్పటికీ కడుపులో తిప్పుతుంది.

న్యాయశాఖ మంత్రి ఆల్బెర్టి దాన్ని నిషేధించాడు. ఆ నిషేధంతోనే పేరు మోగిపోయి, బయటి దేశాల్లో బ్రహ్మాండంగా అమ్ముడుపోయింది. ఆ మంత్రే 1908లో తాను కోటికి పైగా క్రోనర్ల మోసం చేశానని పోలీసుల దగ్గరికి తనంతట తాను వెళ్లి లొంగిపోయాడు.

ఇంకొకటి, ఇది ఆఫ్‌గ్రుండెన్ వచ్చిన ఏడాదే. ఆర్హుస్ ఊళ్లో ఫోటోరామా అనే కంపెనీ, అమ్మాయిల్ని మాయమాటలు చెప్పి లండన్ తీసుకెళ్లి అమ్మేసే కథతో ఒక పెద్ద సినిమా తీసింది. అప్పటిదాకా పావుగంట బొమ్మలే రివాజు, ఇది అరగంట దాటింది, జనం విరగబడ్డారు. నోర్డిస్క్ ఏం చేసిందో తెలుసా? అదే పేరుతో, సీనుకి సీను కాపీ కొట్టి అదే ఏడాది ఆగస్టులో వదిలింది. ఆగస్ట్ బ్లోమ్ తీశాడు. కాపీకే ఎక్కువ పేరొచ్చింది. పెద్ద సినిమాలకి జనం కూర్చుంటారనే ధైర్యం ఆ వేసవిలో వచ్చింది. దాని వెనకే సెప్టెంబర్‌లో ఆఫ్‌గ్రుండెన్.

చిక్కడపల్లి శ్రీను | ఆదివారం సాయంత్రం 5:00

సింహాల సంగతి చదివి మనసు పాడైంది అన్నా. అలాంటి చోట, అలాంటి కాలంలో ఈమె ఏ ఆర్భాటం లేకుండా నిలబడి నటించిందంటే ఆ ధైర్యం ఇప్పుడు తెలుస్తోంది.

ఉత్తరపు గాలి | ఆదివారం సాయంత్రం 6:22

నైట్రేటు గారూ, అద్దాల గురించి కూడా చెప్పండి. మీరు పాత చర్చలో ఒకసారి రాశారు, నాకు సగమే గుర్తుంది.

నైట్రేటు | ఆదివారం రాత్రి 8:45

తప్పకుండా. అప్పట్లో డెన్మార్క్ వాళ్లు షాట్లు ముక్కలు ముక్కలుగా కొయ్యడం తక్కువ. కెమెరా ఒకచోట నిలబెట్టి, ఒక గదిలో నిమిషాల తరబడి నడిపేవారు. మరి గదిలో ఒక మూల జరిగేది ఇంకో మూల ఉన్నవాడు చూశాడని ఎలా చెప్పాలి? అద్దం పెట్టారు. కెమెరాకి కనబడని తలుపు అద్దంలో కనబడుతుంది. ఎవరో లోపలికి వస్తారు. మనకి ఒకేసారి మొహం, ఆ మొహం చూస్తున్నది, రెండూ కనబడతాయి. ఎడిటింగు చెయ్యాల్సిన పని అద్దం చేసేది.

దీనికి నా మనసులో నిలిచిపోయిన ఉదాహరణ 1917లో వచ్చిన 'క్లౌనెన్', అంటే జోకరు. ఎ. డబ్ల్యు. శాండ్‌బర్గ్ తీశాడు. సర్కస్ జోకరుగా వాల్డెమార్ సీలాండర్. జనాన్ని నవ్వించి గొప్పవాడైన మనిషి తన భార్య ఇంకొకడి చేతుల్లో ఉండటం అద్దంలో చూస్తాడు. రోజూ ఆ వృత్తివాడు అద్దం ముందు కూర్చుని తన మొహాన్ని వేరే మొహంగా మార్చుకుంటాడు. అదే అద్దం అతనికి ఇంకో వేషం చూపిస్తుంది, భార్య వేసుకున్నది. సీలాండర్ ఆ ఏడాది మార్చిలో 32 ఏళ్లకే చనిపోయాడు. సినిమా మే నెలలో వచ్చింది. చూసిన జనం అప్పటికే లేని మనిషిని చూసి ఏడ్చారు.

ఇదే కథని శాండ్‌బర్గ్ 1926లో యోస్తా ఎక్‌మాన్‌తో మళ్లీ తీశాడు. ఖర్చు, సెట్లు అన్నీ ఎక్కువే. నాకు మాత్రం మొదటిదే కావాలి.

సత్యవతి, రాజమండ్రి | ఆదివారం రాత్రి 9:10

'అప్పటికే లేని మనిషి' అన్న చోట ఆగిపోయాను.

కాకతీయ కుర్రాడు | ఆదివారం రాత్రి 9:55

వరంగల్ నుంచి, సినిమా చరిత్ర మీద పరిశోధన చేస్తున్నాను. మనకి సంబంధించిన ముక్క ఒకటి. ఈ సినిమాలో క్నూద్ వేషం వేసిన రాబర్ట్ డీనెసెన్ తర్వాత డైరెక్టర్ అయ్యాడు. 1917లో నోర్డిస్క్‌కి 'మహారాజుగారి ముద్దుల భార్య' అనే సినిమా తీశాడు. మన దేశపు మహారాజుగా నార్వే నటుడు గున్నార్ టోల్నెస్. అతని మీద మనసు పడే తెల్లమ్మాయిగా లిల్లీ యాకబ్సన్. తలపాగా, ముత్యాలు, అంతఃపురం, అన్నీ ఉన్నాయి. భారతదేశం మాత్రం లేదు, అదంతా వాళ్లు అక్కడ కట్టుకున్న సెట్టే. విపరీతంగా ఆడింది, 1919లో రెండో భాగం కూడా తీశారు.

అది చూసినప్పుడు నాకు కోపం కన్నా బాధ ఎక్కువ కలిగింది. అంతకు నాలుగేళ్ల ముందే, 1913లో, ఫాల్కే గారు ఇక్కడ సొంతంగా 'రాజా హరిశ్చంద్ర' తీశారు. పద్యనాటకం అమ్మాయి గారు చెప్పిన అదే కాటి సీను కథ. అందులో రాణి తారామతిగా నటించడానికి ఆడవాళ్లు ఎవరూ ముందుకు రాకపోతే సాళుంకే అనే మగమనిషి చీర కట్టాడు. వాళ్లు మనలా వేషం వేస్తుంటే, మనవాళ్లు మన ఆడవాళ్ల వేషం వేస్తున్నారు.

పద్యనాటకం అమ్మాయి | సోమవారం ఉదయం 6:50

తమ్ముడూ, మగవాళ్లు ఆడవేషం వెయ్యడాన్ని ఆ మహారాజు వేషంతో కలపొద్దు. స్థానం నరసింహారావు గారు సత్యభామగా 'మీరజాలగలడా' పాడితే ఆడవాళ్లు ఆయన్ని చూసి చీర కట్టు నేర్చుకున్నారని మా అమ్మ చెప్పేది. అది తెలియని మనుషుల్ని ఊహించుకుని వేసిన వేషం కాదు. ఇంట్లో అమ్మని, అక్కని చూసి చూసి వేసింది. వేషం వెయ్యడం తప్పు కాదు. వెయ్యబోయే మనిషిని ముందు బాగా చూడాలి.

కాకతీయ కుర్రాడు | సోమవారం ఉదయం 8:30

ఒప్పుకుంటున్నాను అక్కా. రెండూ ఒకటి కావు. నా థీసిస్‌లో ఆ వాక్యం మారుస్తాను.

పాతరీలు | సోమవారం ఉదయం 9:05

ఈ మాట మీద ఆస్టా నీల్సన్ 1921 'హామ్లెట్' గుర్తొచ్చింది. జర్మనీలో తీశారు. అందులో హామ్లెట్ అసలు అమ్మాయి. రాజ్యం చేజారిపోతుందని పుట్టగానే మగపిల్లాడని ప్రకటించి అలాగే పెంచుతారు. బతుకంతా వేషమే. ఆమె దాన్ని గడ్డాలు మీసాలు పెట్టుకుని చెయ్యలేదు. నడకలో చేసింది. ఆఫ్‌గ్రుండెన్‌లో నిలబడిన మనిషే పదకొండేళ్ల తర్వాత అలా నడిచింది.

సరే, మళ్లీ మాగ్దా దగ్గరికి వస్తాను. చివరి భాగం గురించి ఇంకా ఎవరూ మాట్లాడలేదు. ఉద్యోగం పోయాక ఆమె ఒక తోట హోటల్లో పియానో వాయిస్తూ ఉంటుంది. క్నూద్ అక్కడ ఆమెని చూస్తాడు. తానెవరో చెప్పకుండా కలవాలని కబురు పంపుతాడు. రుడాల్ఫ్‌కి అందులో డబ్బు కనిపిస్తుంది, వెళ్లమని ఆమెని తోస్తాడు. ఆమె గదిలోకి వెళ్లి చూస్తే క్నూద్. ఆ కుర్రాడు చెడ్డవాడు కాదు, ఇప్పటికీ ప్రేమే. అయినా పేరు దాచాడు. పాస్టర్ గారింట్లో ఆమె పడ్డ పాట్లన్నీ ఆ ఒక్క పనితో అతని వైపుకి మళ్లాయని నాకనిపిస్తుంది. మర్యాదస్తుడు కూడా ముసుగు లేకుండా రాలేకపోయాడు.

సత్యవతి, రాజమండ్రి | సోమవారం మధ్యాహ్నం 2:15

ఇక్కడ మాత్రం నేను మీ వైపే. రుడాల్ఫ్ దుర్మార్గుడు, కానీ తాను దుర్మార్గుణ్ణని ఎక్కడా దాచలేదు. పౌల్ రాయ్‌మర్ట్ ఆ వేషం అలా వేశాడు, నవ్వు చూస్తేనే మనిషి తెలిసిపోతాడు. ఆమె అతన్ని పొడిచి మళ్లీ అతని శవం మీదే పడి ఏడవడానికి కారణం అదేనేమో. ఆమెకి అబద్ధం చెప్పకుండా ఉన్నది ఆ నీచుడొక్కడే. ఇది రాస్తుంటేనే గొంతు పట్టేస్తోంది.

చిక్కడపల్లి శ్రీను | సోమవారం రాత్రి 10:40

రెండోసారి చూశాను. పోలీసులు తీసుకెళ్తున్నప్పుడు ఆమె మొహంలో ఏమీ లేదు. ఏడుపు లేదు, భయం లేదు. నిన్నటిదాకా అది నాకు 'నటించలేదు' అనిపించింది. ఇవాళ ఆ మొహం చూసి లైటు వేసుకుని కాసేపు కూర్చున్నాను. నీతికథ అన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను.

ఉత్తరపు గాలి | సోమవారం రాత్రి 11:15

చూడాలనుకునేవాళ్లకి: ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లు తమ మూకీ సినిమాల సైట్‌లో పాత బొమ్మలు చాలా ఉచితంగా పెట్టారు. ఫోన్లో కాకుండా వీలైతే పెద్ద తెర మీద, గదిలో లైటు ఆపి చూడండి. నిలువెత్తు మనిషిని చిన్న స్క్రీన్ మీద చూస్తే ఆమె భుజం వాలడం కనబడదు.

పద్యనాటకం అమ్మాయి | మంగళవారం రాత్రి 9:30

ఇవాళ అమ్మకి చూపించాను. టీవీకి పెట్టి, లైటు ఆపి. మాటలు లేవని ముందే చెప్పాను, ఫర్వాలేదు పెట్టు అంది. పాస్టర్ గారింటి సీన్లలో ఏమీ అనలేదు. సర్కస్ వచ్చినప్పుడు కొంచెం ముందుకి వంగింది. ఆ నృత్యం మొదలవగానే నా చెయ్యి పట్టుకుంది.

అయిపోయాక అడిగాను, ఎలా ఉందమ్మా అని. 'ఆ పిల్ల జనం వైపు ఒక్కసారి కూడా చూడలేదే' అంది. 'మాకు అలా ఆడే వీల్లేదు. పద్యం మధ్యలో కూడా ముందు వరసలో ఎవరున్నారో చూసుకోవాల్సిందే. ఒక్కసారి అలా ఆడాలని ఉండేది.'

కాసేపు ఇద్దరం మాట్లాడలేదు. తర్వాత రిమోట్ నా చేతిలో పెట్టి, ఆ తాడు ముక్క మళ్లీ వెయ్యమంది. మూడుసార్లు వేశాను.